దారి ఇచ్చినవాళ్ళు: ‘నార్కోస్’ రెండో సీజన్ తొలి భాగంపై పాఠకుల ప్రశ్నలు

కొలంబియా దేశపు మత్తుమందుల వ్యాపారి పాబ్లో ఎస్కోబార్ జీవితం ఆధారంగా తీసిన ‘నార్కోస్’ ధారావాహిక రెండో సీజన్ తొలి భాగాన్ని గురించి గత సంచికలో ఒక పేరా రాశాను. ఆ భాగంలో చూడవలసినది ఎస్కోబార్‌ను కాదని, అతనికి దారి ఇచ్చినవాళ్ళను చూడాలని అందులో అన్నాను. ఆ మాటకు గోదావరి జిల్లాల నుంచి వచ్చినన్ని ఉత్తరాలు మరెక్కడి నుంచీ రాలేదు. అన్నింటికీ ఇక్కడ చోటు చాలదు కనుక కొన్నింటినే తీసుకున్నాను. రాసినవారి పేర్లు ఇవ్వకుండా ఊళ్ళ పేర్లు మాత్రం ఇస్తున్నాను.

ప్రశ్న: గురువుగారికి నమస్కారం. నేను డిగ్రీ కళాశాలలో చరిత్ర చెబుతాను. రెండో సీజన్ మొదలవుతూనే జైలు నుంచి తప్పించుకున్న ఎస్కోబార్ చెట్ల మధ్య నడుస్తూ సైనికులకు ఎదురుపడతాడు. వాళ్ళ చేతుల్లో తుపాకులున్నాయి. అతని వెంట ఉన్నది కొద్దిమంది. అయినా ఒక్కరూ కాల్చరు, పట్టుకోరు. అతను వాళ్ళ కళ్ళెదుటే వెళ్ళిపోతాడు. ఇది చరిత్రా, కల్పనా? కల్పన అయితే ఇంత నమ్మశక్యం కాని సన్నివేశంతో సీజన్‌ను ఎందుకు ప్రారంభించినట్టు? – ఒక అధ్యాపకురాలు, అమలాపురం

జవాబు: ముందు జరిగినది చెప్పి, తరువాత సన్నివేశం దగ్గరికి వస్తాను. ఎస్కోబార్ 1991 జూన్ 19న ప్రభుత్వానికి లొంగిపోయాడు. కొలంబియా పౌరులను విచారణ కోసం పరాయి దేశానికి అప్పగించకూడదని అక్కడి రాజ్యాంగ సభ తీర్మానించినది కూడా ఆ రోజే. అమెరికా జైలుకు పోవలసి వస్తుందన్న భయమే అతన్ని అన్నేళ్ళూ నడిపించింది కనుక ఈ రెండూ ఒకే రోజున జరగడం యాదృచ్ఛికం కాదు. మెడెలిన్ నగరాన్ని ఆనుకొని ఉన్న ఎన్విగాడో కొండ మీద ‘లా కతెద్రాల్’ అనే జైలులో అతన్ని ఉంచారు. ఆ చోటును కోరుకున్నది అతనే, కాపలావాళ్ళ ఎంపికలోనూ అతని మాటే చెల్లింది. లోపల ఫుట్‌బాల్ మైదానం ఉండేది, విందులు జరిగేవి, వ్యాపారం యథాప్రకారం సాగేది. 1992 జులైలో తన ముఠాలోనే పెద్దవాళ్ళయిన గలెయానో, మొంకాదా అనే ఇద్దరిని డబ్బు లెక్కల తగాదాలో ఆ జైలుకే పిలిపించి చంపించాడు. అప్పటికి గాని ప్రభుత్వం కదలలేదు. అతన్ని అక్కడి నుంచి మార్చడానికని వెళ్ళిన న్యాయశాఖ ఉపమంత్రిని లోపలివాళ్ళు బందీగా పట్టుకున్నారు. బయట సైన్యం చుట్టుముట్టి ఉండగానే, జులై 22న, ఎస్కోబార్ తన అన్నతోనూ మరికొందరు అనుచరులతోనూ జైలు వెనుక వైపు నుంచి జారుకున్నాడు.

కాబట్టి ముఖాముఖి ఎదురుపడిన ఆ ఘట్టాన్ని రచయితల కల్పనగానే తీసుకోవాలి. చుట్టూ సైన్యం ఉండగా అతను నడిచి వెళ్ళిపోయాడన్నది మాత్రం చరిత్ర. ఆ చరిత్రలో ఒక ఖాళీ ఉంది. అంతమంది మధ్య నుంచి మనిషి ఎలా పోతాడు? కొందరు డబ్బు తీసుకొని ఉంటారు, కొందరు భయపడి ఉంటారు, కొందరికి ఆదేశాలే సరిగా అంది ఉండవు. ఇన్ని కారణాలను మాటల్లో చెప్పించే బదులు, నలుగురు కుర్రవాళ్ళ ముఖాల మీద చూపించారు. వాళ్ళు పల్లెల నుంచి సైన్యంలోకి వచ్చిన పిల్లల్లాగే కనిపిస్తారు. అంతకు రెండేళ్ళ ముందు మెడెలిన్‌లో పోలీసును చంపినవాడికి తలకింత అని ఎస్కోబార్ వెల కట్టి ఇచ్చాడు, వందల మంది పోలీసులు ఆ వెలకు బలయ్యారు. ఈ కుర్రవాళ్ళకు ఆ సంగతి తెలుసు. తాము కాల్చితే తమ ఇంటి గుమ్మం దగ్గరికి ఎవరు వస్తారో కూడా తెలుసు. అందుకే చేతిలో తుపాకి ఉన్నా అది ఆ క్షణాన ఎందుకూ పనికిరాలేదు.

మీరు నమ్మశక్యం కాదన్నారు. మన లంక గ్రామాల్లో పెరిగినవాళ్ళకు దీనిని నమ్మడం కష్టం కాదనుకుంటాను. అర్ధరాత్రి ఏటి మీద పడవ చప్పుడు విన్నవాడు, అందులో ఏముందో, ఎవరిదో కూడా ఊహించగలిగినవాడు, తెల్లవారి అడిగితే గాఢనిద్రలో ఉన్నానంటాడు. అతను దొంగ కాదు, దొంగ సొమ్ములో వాటా కూడా అడగడు. మర్నాడు కూడా అదే రేవులో నీళ్ళు తోడుకోవాలి కనుక అలా అంటాడు. ఆ సైనికుల స్థితి దీనికి ఎంతో దూరం కాదు. ఇక రచయితల ఉద్దేశం నాకు తోచినంతలో ఇది: మొదటి సీజన్ ఎస్కోబార్ ఎలా పైకి వచ్చాడో పదేళ్ళకు పైబడిన కథగా చెప్పింది, రెండో సీజన్‌కు మిగిలింది పదహారు నెలల పరారీ మాత్రమే. పారిపోతున్న మనిషికి ఇంకా ఏ బలం మిగిలిందో ప్రేక్షకుడికి ముందే తెలియాలి. ఆ బలం తుపాకుల్లోనో ఖజానాలోనో లేదని, ఎదుటివాళ్ళు దించుకున్న కళ్ళలో ఉందని ఆ ఒక్క సన్నివేశం చెబుతుంది. ఎదుటివాళ్ళు ఎప్పుడు కళ్ళెత్తితే అప్పుడు అతని కథ ముగుస్తుందన్న సూచన కూడా అందులోనే ఉంది. చరిత్ర తరగతిలో ఈ సన్నివేశం చూపించదలిస్తే, 1991 నాటి లొంగుబాటు సంగతి ముందు చెప్పి తరువాత చూపించండి. ముందు చూపిస్తే పిల్లలకు అతని నడక ఒక్కటే గుర్తుంటుంది.

ప్రశ్న: ‘సీజన్ ప్రీమియర్’ అంటే ఏమిటండీ? అన్ని భాగాలూ ఒకేసారి విడుదల చేసినప్పుడు మొదటిదానికి ప్రత్యేకత ఏముంటుంది? – ఒక పాఠకుడు, నరసాపురం

జవాబు: ఒక సీజన్‌లో మొదట వచ్చే భాగానికి అది పేరు. ‘నార్కోస్’ మొదటి సీజన్ 2015 ఆగస్టు 28న, రెండోది 2016 సెప్టెంబరు 2న వచ్చాయి. ఒక్కో సీజన్‌లో పది భాగాలు, పదీ ఒకే రోజున అందుబాటులోకి వచ్చాయి. వారం వారం ఎదురుచూపు లేకపోయినా తొలి భాగం బాధ్యత తగ్గలేదు. ఏడాది విరామం తరువాత వచ్చిన ప్రేక్షకుణ్ణి మళ్ళీ కథలో కూర్చోబెట్టవలసినది అదే.

ప్రశ్న: అయ్యా, నేను విశ్రాంత ప్రధానోపాధ్యాయుణ్ణి. ఎస్కోబార్ పేదలకు ఇళ్ళు కట్టించాడనీ, మైదానాలు వేయించాడనీ ఆ ధారావాహికలో చూశాను. ధవళేశ్వరం ఆనకట్ట కట్టించిన కాటన్ దొర పరాయివాడే అయినా మన రైతులు ఇప్పటికీ సంకల్పంలో ఆయన పేరు చెప్పుకుంటారు. మేలు పొందినవాళ్ళు మేలు చేసినవాణ్ణి తలచుకోవడంలో తప్పేముంది? మెడెలిన్ పేదలను మనం తప్పుపట్టవచ్చునా? – పాలకొల్లు

జవాబు: మాస్టారూ, మెడెలిన్ పేదలను నేను తప్పుపట్టను. మొరావియా అనే చోట ఊరి చెత్తకుప్ప మీదే గుడిసెలు వేసుకొని బతికిన కుటుంబాలకు అతను ఇళ్ళు కట్టించిన మాట నిజం, ఆ పేట ఇప్పటికీ అతని పేరుతోనే ఉంది. చెత్తకుప్ప మీద నుంచి దిగి కప్పు కిందికి వచ్చిన తల్లిని, నీకు ఇల్లు ఇచ్చినవాడు ఎలాంటివాడో తెలుసా అని నిలదీసే హక్కు మనకెవరికీ లేదు. కాని మీరు తెచ్చిన పోలిక దగ్గర మీతో విభేదించక తప్పదు.

ఆనకట్ట 1852లో పూర్తయింది. ఆ నీరు కాలువల్లోకి వచ్చాక ఏ చేనికి పారాలో ఆ చేనికి పారింది, ఆ చేను గలవాడు దొరను పొగిడాడా తిట్టాడా అని అడగలేదు. ప్రభుత్వపు ఖర్చుతో, లెక్కాపత్రంతో, మన కూలీల చెమటతో కట్టినది అది. ఎస్కోబార్ ఇచ్చిన ఇంటికి చెప్పని షరతు ఒకటి ఉంది: చూసినది చూడలేదనాలి. 1982లో అతను ప్రతినిధుల సభకు ప్రత్యామ్నాయ సభ్యుడిగా ఎన్నికయ్యాడు. ఆ ఇళ్ళూ మైదానాలూ అందుకు తయారుచేసుకున్న మెట్లు. అతని డబ్బు ఎక్కడిదో సభలో బయటపెట్టిన న్యాయశాఖ మంత్రి రొద్రిగో లారా బోనియాను 1984 ఏప్రిల్ 30న బొగొటా వీధిలో కాల్చి చంపారు. అతని గుట్టు అచ్చువేసిన ‘ఎల్ ఎస్పెక్తాదోర్’ పత్రిక సంపాదకుడు గియెర్మో కానోను 1986 డిసెంబరు 17న చంపారు. దేశాధ్యక్ష పదవికి పోటీ చేస్తున్న లూయిస్ కార్లోస్ గలాన్‌ను 1989 ఆగస్టు 18న బహిరంగ సభలో, జనం చూస్తుండగా చంపారు. ఆ ఏడాదే నవంబరు 27న ఆవియాంకా సంస్థ విమానాన్ని బాంబుతో పేల్చినప్పుడు అందులో ఉన్న 107 మందీ, నేల మీద ముగ్గురూ పోయారు. గురిపెట్టినది గలాన్ తరువాత అధ్యక్ష పదవికి పోటీకి దిగిన సెసార్ గవీరియా మీద, ఆయన మాత్రం ఆ విమానం ఎక్కలేదు. మీరు తొలి భాగంలో చూసిన అధ్యక్షుడు ఆ గవీరియాయే. జైలు నుంచి ఎస్కోబార్ తప్పించుకున్నాడన్న కబురు విన్నప్పుడు ఆయన ముఖంలో కనిపించే గాంభీర్యం వెనుక ఆ 110 మంది ఉన్నారని తెలిస్తే ఆ సన్నివేశమే వేరుగా కనిపిస్తుంది.

కాటన్ దొరకు నీళ్ళు వదిలే రైతుకు ఆ నీటి కోసం దొర ఎవరినీ చంపించలేదన్న ధైర్యం ఉంది. మొరావియా తల్లికి ఆ ధైర్యం లేకుండా చేసినవాడు ఎస్కోబార్. ఆమె కృతజ్ఞతను కూడా అతను తన కాపలాకు వాడుకున్నాడు. నా కోపం దాని మీదే మాస్టారూ, ఆమె మీద కాదు.

ప్రశ్న: అయ్యగారికి నమస్కారం. మా ఆయన కువైట్‌లో ఉంటారు. మా అబ్బాయి ఇంటర్ రెండో సంవత్సరం. ఫోనులో ఈ సీరియల్ చూసి, ఎస్కోబార్ బొమ్మ ఉన్న చొక్కా తెప్పించుకున్నాడు. వాట్సాప్‌లో కూడా ఆ ఫొటోనే పెట్టుకున్నాడు. చొక్కా చించేద్దామనుకున్నాను. గంజాయి అలవాటు గాని అయిందేమోనని భయంగా ఉంది. ఏం చేయమంటారు? – ఒక తల్లి, రాజోలు

జవాబు: అమ్మా, చొక్కా చించవద్దు. చించితే ఆ బొమ్మకు లేని విలువ వస్తుంది. చొక్కా వేసుకున్నంత మాత్రాన అబ్బాయికి అలవాటు అయిందని కూడా అనుకోవద్దు. ఈ రెండింటినీ విడదీసి చూడండి.

ఆ భాగాన్ని మీ ఉత్తరం చదివాక మరోసారి చూశాను. అందులో పరారీలో ఉన్న ఎస్కోబార్ తన భార్యా పిల్లలను కలుసుకొని వాళ్ళను గుండెకు హత్తుకుంటాడు. అదే భాగంలో, ఎస్కోబార్‌ను వెతుకుతున్న అమెరికా అధికారి మర్ఫీ ఇంట్లో భార్యాభర్తలు ఈ ఊళ్ళో ఉండడం క్షేమమా కాదా అని తగవులాడుకుంటారు. నేరస్థుడి ఇల్లు ప్రేమతో నిండినట్టూ, చట్టం తరఫువాడి ఇల్లు విరిగిపోతున్నట్టూ కనిపిస్తుంది. ఇది కథకుల నేర్పు, తప్పనలేను. కాని నాన్న రెండేళ్ళకొకసారి సెలవు మీద వచ్చే ఇంట్లో పెరుగుతున్న పదిహేడేళ్ళ పిల్లవాడికి, ఎన్ని అడ్డంకులున్నా ఇంటికి వచ్చిన తండ్రి ఎలా కనిపిస్తాడో మీరు నాకంటే బాగా ఊహించగలరు. నా ఊహ తప్పు కావచ్చు. అయినా ఒకసారి ఆ దారిలో మాట కలిపి చూడండి. వీలైతే వాళ్ళ నాన్నగారి చేతనే వీడియో కాల్‌లో మాట్లాడించండి. తిట్టమని కాదు, ఆ కథలో నీకేం నచ్చిందిరా అని అడగమని చెప్పండి.

అడిగాక ఒక సంగతి చెప్పండి. ఎస్కోబార్‌కు నిజంగానే కొడుకు ఉన్నాడు. 1993 డిసెంబరు 2న, నలభై నాలుగో పుట్టినరోజు జరిగిన మర్నాడు, ఎస్కోబార్ ఆ కొడుకుతో ఫోనులో మాట్లాడిన మాటల ద్వారానే అతను దాగిన ఇంటి ఆచూకీ బలగాలకు దొరికింది, ఆ ఇంటి పైకప్పు మీదే అతను చనిపోయాడు. ఆ పిల్లవాడు తరువాత పేరు మార్చుకొని, దేశం విడిచి, అర్జెంటీనాలో స్థిరపడ్డాడు. పెద్దవాడయ్యాక, తన తండ్రి చంపించిన లారా బోనియా, గలాన్‌ల కొడుకులను కలిసి క్షమాపణ అడిగాడు. ఈ ధారావాహిక రెండో సీజన్‌లో 28 తప్పులున్నాయని 2016లో బహిరంగంగా పట్టిక రాసినదీ ఆయనే. ఎస్కోబార్ బొమ్మను గుండె మీద వేసుకోవడం గురించి ఆయన కంటే ఎక్కువ తెలిసినవాడు లోకంలో ఉండడు. ఆ కథ మీ అబ్బాయికి నచ్చుతుందని నా నమ్మకం. అన్నట్టు, ఈ ధారావాహిక పెద్దలకు మాత్రమే ఉద్దేశించినది, అందులో హింస చాలా ఉంది. ఈ వయసులో ఒంటరిగా ఫోనులో చూడకుండా ఉంటేనే మంచిది.

ఇక రెండో భయం. నిద్ర వేళలు తారుమారు కావడం, కళ్ళు ఎర్రబడి ఉండడం, డబ్బుకు లెక్క చెప్పకపోవడం, పాత స్నేహితులను వదిలేయడం, ఇవన్నీ కలిసి కనిపిస్తే అప్పుడు ఆలోచించండి. మత్తు అలవాటు మాన్పించడానికి 14446 అనే ఉచిత నంబరు ఉంది, పేరు చెప్పకుండానే సలహా అడగవచ్చు. పోలీసులకు తెలిస్తే కేసు అవుతుందని చాలామంది తల్లులు దాచిపెడతారు. మత్తుమందుల చట్టంలో 64ఎ అనే సెక్షన్ ఉంది. అలవాటు పడినవాడు తనంతట తాను గుర్తింపు ఉన్న చికిత్స కేంద్రానికి వెళ్ళి చికిత్స పూర్తిచేసుకుంటే, వాడినందుకు గాని కొద్ది మొత్తం దగ్గర ఉన్నందుకు గాని పెట్టే ప్రాసిక్యూషన్ నుంచి అది రక్షణ ఇస్తుంది. చికిత్స మధ్యలో మానేస్తే ఆ రక్షణ పోవచ్చు.

ప్రశ్న: ఎస్కోబార్ వేషం వేసిన నటుడిది ఆ దేశం కాదట కదా? – ఒక విద్యార్థి, భీమవరం

జవాబు: కాదు. వాగ్నర్ మౌరా బ్రెజిల్ దేశస్థుడు, మాతృభాష పోర్చుగీసు. ఈ పాత్ర కోసం మెడెలిన్ వెళ్ళి స్పానిష్ నేర్చుకున్నాడు, ఇరవై కిలోల దాకా బరువు పెరిగాడు. అయినా అతని యాస తమది కాదని కొలంబియా ప్రేక్షకులు నొచ్చుకున్నారు. తూర్పు గోదావరి పాత్రకు వేరే ప్రాంతపు యాస పెడితే మనకు చెవిలో గుచ్చుకున్నట్టే.

ప్రశ్న: సార్, నేను ట్రావెల్స్ కారు నడుపుతాను. రెండో సీజన్ ఆరంభంలో ఎస్కోబార్‌ను కారు డిక్కీలో దాచి, వెనుక సీట్లో ఒక అమ్మాయిని ప్యాసింజర్‌లా కూర్చోబెట్టుకొని తిప్పే టాక్సీ కుర్రాడిని చూశాక నాకు నిద్ర పట్టలేదు. మాకూ నర్సీపట్నం, చింతపల్లి వైపు ట్రిప్పులు వస్తుంటాయి. తిరుగు ప్రయాణంలో బ్యాగులు మాత్రమే ఎక్కించి, మనిషి వెనుక బండిలో వస్తాడు, నువ్వు పో అంటారు. మామూలు బాడుగకు రెండింతలు ఇస్తామంటారు. ఆ బ్యాగుల్లో గంజాయి ఉండి, తెలియక తీసుకెళ్తే డ్రైవర్ తప్పు అవుతుందా? – ముమ్మిడివరం

జవాబు: బాబూ, గత సంచికలో నేను రాసిన మాటకు సరైన అర్థం చెప్పినవాడివి నువ్వే. ఆ టాక్సీ కుర్రాడి పేరు కథలో లిమోన్. ఎస్కోబార్ కోసం దేశమంతా గాలిస్తున్న వేళ, పెద్ద పెద్ద బండ్లూ తుపాకులూ పనికిరాకుండా పోయిన వేళ, ముఠాకు కావలసి వచ్చినది ఎవరూ అనుమానించని ఒక మామూలు టాక్సీ, ఒక మామూలు కుర్రాడు. అమ్మాయి బండిలో ఉంటే తనిఖీలో ఎవరూ ఆపరన్న ఉపాయం. ఆమెను నమ్మించి తీసుకువచ్చినవాడూ అతనే. ఆమె గతి ఏమైందో తరువాతి భాగాల్లో చూస్తావు. కథ సంగతి అలా ఉంచు. నిజంగానే ‘లిమోన్’ అనే మారుపేరు గల అనుచరుడు ఒకడు ఉండేవాడు. 1993 డిసెంబరు 2న ఎస్కోబార్ పక్కన చివరికి మిగిలినది అతనొక్కడే, ఆ రోజే అతనూ చనిపోయాడు. ఎంతోమందితో నడిచిన సామ్రాజ్యం చివర ఒక డ్రైవర్ మిగిలాడు.

ఇప్పుడు నీ ప్రశ్నకు వస్తాను. ఇది నీ జీవితం కనుక వివరంగా చెబుతాను. మన దేశంలో 1985 నాటి మత్తుమందుల చట్టం, అంటే ఎన్‌డీపీఎస్ చట్టం ప్రకారం గంజాయి కిలో లోపు ఉంటే చిన్న మొత్తం, ఇరవై కిలోలు దాటితే వాణిజ్య మొత్తం. వాణిజ్య మొత్తం రవాణా చేస్తే పదేళ్ళకు తగ్గకుండా ఇరవై ఏళ్ళ దాకా కఠిన కారాగారం, లక్షకు తగ్గకుండా రెండు లక్షల దాకా జరిమానా. ఆ కేసులో బెయిలు దొరకడం కూడా మామూలు కేసులంత సులభం కాదు, 37వ సెక్షన్ దానికి అడ్డు నిలుస్తుంది. నీకు తెలియదన్నమాట నిజమే కావచ్చు. కాని సరుకు నీ బండిలో దొరికితే నీకు తెలిసే ఉంటుందన్న ఊహతో కోర్టు విచారణ మొదలుపెడుతుంది, తెలియదని రుజువు చేసుకోవలసిన భారం నీ మీద పడుతుంది. అందుకు 35, 54 సెక్షన్లు ఉన్నాయి. 60వ సెక్షన్ కింద బండిని కూడా జప్తు చేస్తారు. బండి యజమానికీ నడిపేవాడికీ కూడా ఆ సంగతి తెలియదనీ, తగిన జాగ్రత్తలన్నీ తీసుకున్నారనీ యజమాని రుజువు చేయగలిగితేనే అది వెనక్కి వస్తుంది. ఫైనాన్సులో ఉన్న కారైతే వాయిదాలు మాత్రం ఆగవు.

మనిషి లేకుండా బ్యాగులు ఎక్కించుకోవద్దు. రెండింతల బాడుగ అన్నప్పుడే కాదని చెప్పు. ప్యాసింజర్ ఉన్నా డిక్కీలో సామాను నీ ఎదుటే సర్దించు. అతని గుర్తింపు కార్డు ఫొటో తీసి యజమానికి పంపు. ముందు బండిలో ఖాళీగా పోయి దారిలో తనిఖీ ఉందో లేదో ఫోనులో చెప్పమంటారు, దానిని వాళ్ళు ‘పైలట్’ అంటారు. నీ బండిలో ఏమీ లేకపోయినా ఆ పని చేస్తే కుట్రలో భాగస్వామివే. తునికో కత్తిపూడికో వచ్చాక నంబరు ప్లేటు మార్చమన్నా, పెద్ద రోడ్డు వదిలి 216 జాతీయ రహదారి మీదుగా కాకినాడ, యానాం వైపు తిప్పమన్నా అక్కడే ఆగిపో. అనుమానం కలిగితే మన రాష్ట్రంలో గంజాయి సమాచారం కోసం ‘ఈగల్’ అనే పోలీసు విభాగం నడిపే 1972 నంబరు ఉంది, చెప్పినవాళ్ళ వివరాలు బయటపెట్టరు. అత్యవసరమైతే 112కు చెయ్యి. ఎస్కోబార్ మనుషులు అధికారులకు పెట్టిన షరతు ‘ప్లాటా ఓ ప్లోమో’, అంటే వెండి తీసుకుంటావా, సీసపు గుండు తీసుకుంటావా అని. నీ ముందు ఇప్పటికి వెండి ఒక్కటే పెట్టారు. కాదని చెప్పడం తేలికగా ఉండేది ఇప్పుడే. ఒక్క ట్రిప్పు వేశాక వాళ్ళ దగ్గర నీ ఊరూ, నీ ఇల్లూ, నువ్వు చేసిన పనీ అన్నీ ఉంటాయి.

ప్రశ్న: ఏజెన్సీ నుంచి డెల్టా మీదుగా సాగే గంజాయి రవాణా మీద మిత్రులం కలిసి ఒక వెబ్ సిరీస్ రాస్తున్నాం. తొలి భాగం ఈ ‘నార్కోస్’ తొలి భాగంలా బలంగా రావాలని ఆశ. దేనిని ఆదర్శంగా తీసుకోమంటారు, దేనిని వదిలేయమంటారు? – కాకినాడ

జవాబు: నడకను వదిలేయండి, ముఖాలను తీసుకోండి. మన తెరకు ‘ఎలివేషన్’ అలవాటు ఎక్కువ. మీరు ఆ నడకను అనుకరిస్తే దానికి వెనుక నుంచి డప్పు వచ్చి చేరుతుంది, వేగం తగ్గుతుంది, దుమ్ము లేస్తుంది, సైనికులు మసకబారిపోతారు. అప్పుడు రాజోలు తల్లి మరో చొక్కాను చూడవలసి వస్తుంది.

ఇంకొక సంగతి. ‘నార్కోస్’ మొదటి రెండు సీజన్లలో కథ చెప్పే గొంతు మర్ఫీ అనే అమెరికా అధికారిది, అది ఇంగ్లీషులో నడుస్తుంది. మధ్య మధ్య ఆనాటి నిజమైన వార్తా దృశ్యాలు కలపడం వల్ల కథకు గొప్ప నమ్మకం వచ్చింది, అది నేర్చుకోదగినది. కాని దేశం కొలంబియాది, చచ్చినవాళ్ళు కొలంబియావాళ్ళు, చెప్పేవాడు మాత్రం బయటివాడు. ఆ లోటు రెండో సీజన్‌లో కూడా తీరలేదని నా అభిప్రాయం. మీ కథను ఎవరి గొంతుతో చెప్పాలో ముందు తేల్చుకోండి. కొండ మీద మొక్క పెంచిన గిరిజన రైతుకు చివరి ధరలో దక్కేది చాలా కొంచెం. 2021 చివరలో ‘ఆపరేషన్ పరివర్తన’ పేరుతో వేల ఎకరాల తోటలు నరికించినప్పుడు ఆ రైతు ఏ పంటకు మళ్ళాడు, ఆ పంటకు సంత ఎక్కడ దొరికింది? ఆ ఇల్లు మీ కథలో ఉండాలి. సరుకు మోసి పట్టుబడిన మైదానపు కుర్రాడి తల్లి ములాఖత్‌కు రాజమహేంద్రవరం కేంద్ర కారాగారం ముందు వరుసలో నిలబడి ఉంటుంది. ఆమె చేతి సంచిలో ఏముందో మీకు తెలిసిన రోజున తొలి భాగం రాయడం మొదలుపెట్టండి. పెద్ద వ్యాపారిని మూడో భాగం దాకా చూపించకపోయినా కథకు లోటు రాదు.

ప్రశ్న: ఎస్కోబార్ తప్పించుకున్న ఆ కొండ మీది జైలు ఇప్పుడు ఏమైంది? – యానాం

జవాబు: నిధులు దాచి ఉంటాడన్న ఆశతో జనం చాలా ఏళ్ళు ఆ చోటును తవ్వుకుపోయారు. తరువాత క్రైస్తవ సన్యాసులు అక్కడ మఠం ఏర్పరచుకున్నారు, దిక్కులేని వృద్ధులకు ఆశ్రమం కూడా పెట్టారు. మెడెలిన్‌లో అతని కుటుంబం నివసించిన ‘మొనాకో’ భవనాన్ని 2019 ఫిబ్రవరి 22న పేలుడు పదార్థాలతో కూల్చివేశారు. పర్యాటకులు దాని ముందు నిలబడి ఫొటోలు దిగుతుండడం ఊరివాళ్ళకు కష్టంగా ఉండేది. ఆ స్థలంలో ఇప్పుడు ఒక స్మారక ఉద్యానం ఉంది. ఆనాటి మత్తుమందుల హింసలో ప్రాణాలు పోయిన 46,000 మందికి పైగా మనుషులకు, మనిషికొకటి చొప్పున, అక్కడి గోడలో చిన్న చిన్న రంధ్రాలు చేశారు.